మిఠాయిల పద్దులోంచి బెల్లాన్ని విడదీయండి: వాణిజ్య శాఖకు బహిరంగ లేఖ

కేంద్ర వాణిజ్య, పరిశ్రమల మంత్రిత్వ శాఖ అధికారులకు,
కోల్‌కతాలోని వాణిజ్య సమాచార, గణాంకాల డైరెక్టరేట్ జనరల్ వారికి,
అపెడా (వ్యవసాయ ఉత్పత్తుల ఎగుమతి అభివృద్ధి సంస్థ) వారికి,

నమస్కారం.

అపెడా ఎగుమతి పట్టికల్లో "జాగరీ అండ్ కన్ఫెక్షనరీ" అని ఒక పద్దు ఉంది. అంటే బెల్లం, చక్కెర మిఠాయి ఒకే గంపలో పడ్డాయి. ఆ పద్దు కింద చూపే మొత్తం విలువను మొత్తం బరువుతో భాగించి, వచ్చిన అంకెను బెల్లం ఎగుమతి ధర అనుకోవడం మామూలైపోయింది. పత్రికలు అదే రాస్తాయి, బ్యాంకుకు ఇచ్చే ప్రాజెక్టు రిపోర్టుల్లో అదే ఎక్కుతుంది, రైతుతో బేరమాడేటప్పుడు అదే చూపిస్తారు. అది బెల్లం ధర కాదు. దిమ్మకూ చప్పరించే బిళ్ళకూ నడుమ ఎక్కడో వేలాడే అంకె.

బెల్లం, ఖండసారి (చిన్న యూనిట్లలో తెరిచిన పెనాల్లో కాచే చక్కెర), ఆర్గానిక్ చక్కెరల ఎగుమతి దిగుమతి పత్రాలు, పరీక్షా నివేదికలు, ధరలు చూసే పనిలో ఉన్నవాళ్ళం మేము. అడిగేది ఒక్కటే: మీ దగ్గర ఇప్పటికే చేరుతున్న వివరాలను ధర తెలిసేలా విడదీసి ప్రకటించండి. ఇందుకు కొత్త సర్వేలు అక్కర్లేదు, కొత్త సిబ్బందీ అక్కర్లేదు.

మొదట కోడ్ల సంగతి, అంటే కస్టమ్స్‌లో ఒక్కో సరుకుకూ ఉండే అంకెల గుర్తు. 2012కు ముందు చెరకు బెల్లం 1701 11 10 కింద ఉండేది. 2012లో ప్రపంచమంతటా కోడ్లు మారినప్పుడు 1701 11ను రెండుగా చీల్చారు. సెంట్రిఫ్యూజ్‌లో (గిర్రున తిప్పి మొలాసిస్‌ను, అంటే మడ్డిపాకాన్ని, విడదీసే యంత్రంలో) తిప్పకుండా తయారైన చెరకు చక్కెర 1701 13లోకి వెళ్ళింది, తక్కిన ముడి చక్కెర 1701 14లోకి వెళ్ళింది. మొదటి 6 అంకెలు అన్ని దేశాలకూ ఒకటే. చివరి 2 అంకెలు మన సొంతం. ఆ సొంత అంకెల దగ్గరే తికమక మొదలైంది. మన టారిఫ్‌లో "చెరకు బెల్లం" 1701 13 10లోనూ ఉంది, 1701 14 10లోనూ ఉంది. ఖండసారి కూడా అంతే, 1701 13 20, 1701 14 20. ఒకే సరుకుకు రెండు ఇళ్ళు. ఏ ఇంట్లో దిగాలో షిప్పింగ్ బిల్లు (ఎగుమతి సరుకు వివరాలతో కస్టమ్స్‌కు ఇచ్చే పత్రం) నింపేవారి అలవాటును బట్టి తేలుతోంది.

నిజానికి తేల్చాల్సింది అలవాటు కాదు, పోలరిమీటర్, అంటే కాంతి ఎంత తిరుగుతుందో చూసి చక్కెరను కొలిచే పరికరం. 17వ అధ్యాయానికి ఉన్న రెండో ఉపశీర్షిక గమనిక ప్రకారం 1701 13లోకి రావాలంటే సరుకు సెంట్రిఫ్యూజ్ లేకుండా తయారవాలి, తేమ తీసేసిన లెక్కన పోలరిమీటర్ రీడింగు 69 డిగ్రీలు లేదా అంతకు మించి ఉండాలి, 93 డిగ్రీల కంటే తక్కువ ఉండాలి, స్ఫటికాలు కంటికి కనిపించనంత చిన్నవై, చుట్టూ మొలాసిస్ అవశేషాలతో ఉండాలి. మంచి బెల్లం ఈ హద్దుల్లో ఉంటుంది. నాసి బెల్లం ఉండకపోవచ్చు. మన ఆహార భద్రతా సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నిబంధనలు బెల్లంలో సుక్రోజ్ (చెరకులోని అసలు చక్కెర) 60 శాతం ఉంటే చాలంటాయి. మొత్తం చక్కెరలు 90 శాతం ఉండాలి, బూడిద 6 శాతం దాటకూడదు, గట్టి బెల్లంలో తేమ 10 శాతం దాటకూడదు. 60కీ 69కీ నడుమ ఉన్న బెల్లం ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ దృష్టిలో బెల్లమే. కస్టమ్స్ గమనిక దృష్టిలో మాత్రం 1701 13 కాదు.

ఇక్కడ ఇంకో మెలిక ఉంది. పోలరిమీటర్ రీడింగూ సుక్రోజ్ శాతమూ ఒకటి కావు. సుక్రోజ్ కాంతిని కుడివైపుకు తిప్పుతుంది, దాని విశిష్ట భ్రమణం సుమారు +66.5 డిగ్రీలు. సుక్రోజ్ విరిగి గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌గా మారితే, అంటే ఇన్వర్ట్ షుగర్ అయితే, అది ఎడమవైపుకు తిప్పుతుంది, సుమారు -20 డిగ్రీలు. కాబట్టి ప్రతి 1 శాతం ఇన్వర్ట్ షుగర్ రీడింగులోంచి రమారమి 0.3 తీసేస్తుంది. తేమ తీసిన లెక్కన 76 శాతం సుక్రోజ్, 12 శాతం ఇన్వర్ట్ ఉన్న బెల్లం 72 దాకా చూపిస్తుంది, గట్టెక్కుతుంది. 72 శాతం సుక్రోజ్, 14 శాతం ఇన్వర్ట్ ఉన్నది 68 దగ్గర ఆగిపోతుంది. సుక్రోజ్ 69 దాటి ఉన్నా రీడింగు దాటదు. గడ్డను చూసి ఈ తేడా ఎవరూ చెప్పలేరు.

ఇన్వర్ట్ ఎందుకు పెరుగుతుందో గానుగ దగ్గరివాళ్ళకు తెలుసు. చెరకు నరికాక రోజు దాటి ఆడితే పెరుగుతుంది. రసం సహజంగానే పుల్లన, పీహెచ్ 5.2 నుంచి 5.5. సున్నం సరిపడా వేయకుండా గంటల తరబడి కాస్తే ఆ పులుపే సుక్రోజ్‌ను విరుస్తుంది. పొయ్యిలో మంట సమంగా లేక పాకం ఆలస్యంగా తేలినా అంతే. సీజన్ మొదట్లో పక్వానికి రాని చెరకు, చివర్లో ఎండకు వాడిన చెరకు, రెండూ ఇదే దారి. అంటే ఒకే ఊరి బెల్లం జనవరిలో ఒక కోడ్‌కూ ఏప్రిల్‌లో ఇంకో కోడ్‌కూ సరిపోవచ్చు. మీ పట్టికలో 1701 13 10 పరిమాణం తగ్గి 1701 14 10 పెరిగితే విదేశీ గిరాకీ మారిందనుకోవాలా, చెరకు వాడిందనుకోవాలా, కస్టమ్స్ బ్రోకర్ మారాడనుకోవాలా?

ఖండసారిదీ ఇదే పేచీ. ఈనాటి ఖండసారిలో ఎక్కువ భాగం తెరిచిన పెనాల్లో కాచినా చివర్లో సెంట్రిఫ్యూజ్‌లో తిప్పుతారు. గమనికలోని మాట ప్రకారం తిప్పినది 1701 13లో ఉండకూడదు. అయినా 1701 13 20 పేరే ఖండసారి. ఇక ద్రవ బెల్లం సంగతి మరీ వేరు. 1701 శీర్షిక గట్టి రూపంలోని చక్కెరకే కాబట్టి, ద్రవ బెల్లం 1702 90కి, సిరప్‌ల గుంపులోకి పోతుంది. గడ్డలో శొంఠో యాలకులో కలిపితే 1701 91 అనాలా 1704 అనాలా అనే వాదన మొదలవుతుంది. ఒక్క బెల్లం కుటుంబం ఇన్ని చోట్ల చెదిరి ఉంటే, ఏ ఒక్క కోడ్ చూసినా కుటుంబం కనబడదు.

సరే, కోడ్ సరిగ్గానే వేశారనుకుందాం. అప్పటికీ 1701 13 10 సగటు ధర ఏం చెబుతుంది? ఆ ఒక్క కోడ్ కింద 10 కిలోల దిమ్మ, కిలో అచ్చు, పొడి బెల్లం, సేంద్రియ ధ్రువీకరణ ఉన్న పొడి, చిన్న క్యూబులు, అన్నీ వెళ్తాయి. వీటి తయారీ వేరు, ఖర్చు వేరు, కొనేవారు వేరు. ద్రవ బెల్లానికి పాకాన్ని 103 నుంచి 106 డిగ్రీల సెంటీగ్రేడ్ దగ్గర దించుతారు. గట్టి బెల్లానికి 116 నుంచి 120 దాకా కాస్తారు. పొడికి 120 నుంచి 122 దాకా పోనిచ్చి, సున్నంతో పీహెచ్ సరిచేసి, చల్లారేటప్పుడు కలియబెట్టి, జల్లించి, తేమ 2 శాతం కంటే కిందికి వచ్చేదాకా ఆరబెడతారు. ఆ ఆరబెట్టడంలోనే ఖర్చంతా ఉంది. అందులోనే సరుకు నిలవ ఉండే గుణమూ ఉంది. గాలిలో తేమ 70 శాతం దాటితే దిమ్మ చెమర్చడం మొదలుపెడుతుంది. సరిగా ఆరిన పొడిని తేమ చొరని సంచిలో పోస్తే సముద్రం దాటుతుంది.

తూకంలోనే తేడా చూడండి. 8 శాతం తేమ ఉన్న దిమ్మ కిలోలో పనికొచ్చే పదార్థం 920 గ్రాములు. 2 శాతం తేమ ఉన్న పొడి కిలోలో 980 గ్రాములు. అచ్చంగా ఒకే ధర పలికినా పొడి కొన్నవాడికి 6 శాతం పైగా ఎక్కువ సరుకు దక్కింది. అసలు కొనుగోలుదారు ఒప్పందం రాసుకునేదే తేమ శాతం మీద. మీ గణాంకంలో తేమకు చోటే లేదు.

మిశ్రమం మారితే సగటు ఎంత తప్పుదారి పట్టిస్తుందో చెప్పడానికి ఒక ఊహాలెక్క. ఒక నెలలో 80 టన్నుల దిమ్మ కిలో రూ.55 చొప్పున, 20 టన్నుల పొడి రూ.110 చొప్పున వెళ్ళాయనుకోండి. సగటు రూ.66. ఆ తర్వాతి నెల రెండింటి ధరా పడిపోయింది, దిమ్మ రూ.52, పొడి రూ.104. కానీ ఈసారి చెరి 50 టన్నులు వెళ్ళాయి. సగటు రూ.78. దిమ్మ ధర 5 శాతం పైగా పడింది, పొడి ధరా అంతే పడింది, పట్టికలో మాత్రం "బెల్లం ధర 18 శాతం పెరిగింది". ఇది కావాలని చేసిన గారడీ కాదు, మామూలు భాగహారమే. పొడి వాటా ఏటేటా పెరిగే వ్యాపారంలో ఈ పొరపాటు ప్రతి ఏడూ ఒకే దిక్కుకు, పైకే, జరుగుతుంది. ధర పెరుగుతోందని నమ్మి దిమ్మలు చేసే కొత్త గానుగ పెట్టినవాడి గతేమిటి?

రూపాయి మారకం దీని మీద ఇంకో పొర. 2022 మొదట్లో డాలరు సుమారు రూ.75. 2024 అక్టోబర్‌కు సుమారు రూ.84. కిలో 80 సెంట్లకు అమ్మిన సరుకు 2022 మొదట్లో రూ.60, 2024 అక్టోబర్‌లో రూ.67.20. కొనేవాడు ఒక్క సెంటు కూడా ఎక్కువ ఇవ్వలేదు, రూపాయల పట్టికలో 12 శాతం పెరుగుదల కనబడుతుంది. డాలర్ల పట్టికా మీరు ఇస్తారు, కాదనం. కానీ డాలర్ విలువ, రూపాయి విలువ, పరిమాణం ఒకే చోట, నెలవారీగా, 8 అంకెల కోడ్‌తో పక్కపక్కన ఉంటేనే మామూలు వ్యాపారికి తేడా కళ్ళకు కడుతుంది.

ఆర్థిక సంవత్సరం ఏప్రిల్ నుంచి మార్చి. చక్కెర సంవత్సరం అక్టోబర్ నుంచి సెప్టెంబర్. మన వైపు గానుగలు శీతాకాలంలో మొదలై వేసవి ముదిరేలోపు ఆగిపోతాయి. అందువల్ల ఒక ఆర్థిక సంవత్సరపు అంకెలో పోయిన పంట పాత నిలవ కొంత, ఈ పంట కొత్త సరుకు కొంత కలిసిపోతాయి. కొత్త బెల్లం రంగూ, పాత బెల్లం రంగూ, వాటి ధరా ఒకటి కావు. అక్టోబర్-సెప్టెంబర్ మొత్తం కూడా అదనంగా ఇస్తే సరిపోతుంది. మీ కంప్యూటర్‌కు అది కూడిక మాత్రమే.

పోల్చి చూడటానికి లోపలి ధర ఒకటి ఉండాలి కదా అంటారు. ఉంది, మార్కెట్ యార్డుల ధరలు చూపే ప్రభుత్వ వెబ్‌సైటు అగ్‌మార్క్‌నెట్‌లో యార్డుల వారీగా బెల్లం కనిష్ఠ, గరిష్ఠ, మోడల్ (ఎక్కువ సరుకు పలికిన) ధరలు క్వింటాలుకు దొరుకుతాయి. అయితే యార్డు ధరనూ ఎఫ్‌ఓబీ (సరుకు ఓడ ఎక్కేదాకా లెక్కగట్టిన) ధరనూ నేరుగా తీసివేసి "దళారీ లాభం" తేల్చేవాళ్ళు ఒక సంగతి మరిచిపోతారు. యార్డులో మొదటి రకం అంటే పసుపు రంగు దిమ్మ. ఆ రంగు చాలాసార్లు హైడ్రోస్, అంటే సోడియం హైడ్రోసల్ఫైట్, వేసి తెచ్చినదే. అమెరికా, ఐరోపా మార్కెట్లలో సల్ఫైట్ 10 పీపీఎం (పది లక్షల్లో 10 వంతులు) చేరితే లేబుల్ మీద చెప్పి తీరాలి. అందువల్ల ఎగుమతిదారు వెతికేది మందు వేయని ముదురు రంగు సరుకు. యార్డు దాన్ని కింది రకంగా లెక్కేస్తుంది. పైగా మన రాష్ట్రాల్లో నల్ల బెల్లమంటే సారా బట్టీ గుర్తొచ్చి ఎక్సైజు వాళ్ళు బండి ఆపుతారన్న భయం ఒకటి. యార్డు మొదటి రకం ధరతో ఎగుమతి ధరను పోల్చడమంటే రెండు వేర్వేరు సరుకుల్ని పోల్చడమే. మోడల్ ధరకు పక్కన రకం పేరు, రంగు రాయించడం మీ శాఖ పని కాకపోవచ్చు. కానీ షిప్పింగ్ బిల్లులోని సరుకు వివరణ మీకు చేరుతూనే ఉంది.

ఖర్చు వైపు నుంచి కూడా ఒక కొలబద్ద ఉంది. కేంద్రం ప్రకటించే చెరకు ఎఫ్‌ఆర్‌పీ (మిల్లులు రైతుకు ఇవ్వాల్సిన కనీస ధర) 2018-19లో క్వింటాలుకు రూ.275, 2025-26లో 10.25 శాతం రికవరీకి (చెరకులోంచి వచ్చే చక్కెర శాతం) రూ.355. టన్ను చెరకు ఆడితే రమారమి 100 కిలోల బెల్లం. రైతు తన చెరకు తానే ఆడుకున్నా, ఫ్యాక్టరీకి తోలితే వచ్చే ధరే అతనికి లెక్క. కిలో బెల్లంలో చెరకు ఖర్చు ఈ ఏడేళ్ళలో రూ.27.50 నుంచి రూ.35.50కి చేరింది. కట్టెలూ పిప్పీ కూలీ వేరు. ఇదే కాలంలో మిల్లు చక్కెర కనీస అమ్మకపు ధర 2019 ఫిబ్రవరిలో రూ.31 దగ్గర పెట్టి అక్కడే ఉంచారు. బెల్లానికి ఆ మాత్రం గట్టు కూడా లేదు. ఎగుమతి ధర కిలోకు కనీసం రూ.8 పెరిగి ఉండకపోతే ఆ వ్యాపారంలో ఎవరో ఒకరు నష్టపోతున్నట్టే. ఆ 8 రూపాయలు వచ్చాయా లేదా అన్నది ఇప్పటి పట్టికలతో తేల్చలేం. లేఖ రాయడానికి అసలు కారణం ఇదే.

2022 జూన్ 1 నుంచి చక్కెర ఎగుమతి ఆంక్షల జాబితాలోకి వెళ్ళింది. ఆంక్ష 1701 14 90, 1701 99 90 కోడ్ల మీద. 2023 అక్టోబర్‌లో దాన్ని పొడిగించినప్పుడు ఆర్గానిక్ చక్కెర పేరు కూడా అందులో ఉంది. ఆ తర్వాత 2025లో ఆర్గానిక్ చక్కెరకు ఆర్థిక సంవత్సరానికి 50,000 టన్నుల పరిమితితో దారి ఇచ్చారు. అది మంచి నిర్ణయమే, కానీ ధరల వరుస ఏమైంది? అమెరికా, ఐరోపా కోటాల (ఆ దేశాలు సుంకం రాయితీతో రానిచ్చే పరిమాణాల) కింద వెళ్ళే చక్కెరకు ఆంక్ష వర్తించదు. కోటా చక్కెరకు దక్కేది ఆ దేశాల లోపలి ధర, ప్రపంచ ధర కాదు. తక్కిన సరుకు ఆగిపోయి కోటా సరుకే కదిలిన నెలల్లో 1701 14 90 సగటు ఎగుమతి ధర ఒక్కసారిగా మెరుగైనట్టు కనబడుతుంది. ప్రపంచ మార్కెట్లో న్యూయార్క్ ముడి చక్కెర 2020 ఏప్రిల్‌లో పౌను 10 సెంట్ల కిందికి జారి, 2023 నవంబర్‌లో 28 సెంట్ల దాకా ఎగబాకి, 2025 చివరికి 15 సెంట్ల దగ్గరికి దిగింది. మన ఎగుమతి సగటు ఈ గీతతో కలిసి నడవాల్సిన చోట నడవకపోతే కారణం మార్కెట్ కాదు, ఆంక్షలో మిగిలిన రంధ్రం. ఆంక్ష ఉన్న నెలల్ని పట్టికలో ఒక చుక్క గుర్తుతోనైనా వేరుచేయండి.

ఆంక్ష ఇంకో ప్రలోభాన్ని పుట్టిస్తుంది. పక్క కోడ్‌లోని సరుకు ఆగిపోయినప్పుడు, గోధుమ రంగు చక్కెరను పొడి బెల్లమని రాసి పంపాలన్న బుద్ధి పుడుతుంది. సంచిలో రెండూ ఒకేలా ఉంటాయి. తనిఖీ అధికారి అనుమానపడటంలో తప్పు లేదు, కానీ నమూనా ల్యాబుకు వెళ్ళి వచ్చేదాకా నిజమైన పొడి బెల్లం కంటైనర్ కూడా రేవులో పడి ఉంటుంది, ఎగుమతిదారు డెమరేజ్ (ఆలస్య రుసుము) కడతాడు. తేడా పట్టడానికి పెద్ద యంత్రాలు అక్కర్లేదు. సెంట్రిఫ్యూజ్‌లో తిప్పిన చక్కెర స్ఫటికానికి పదునైన అంచులుంటాయి, భూతద్దంలో కనబడతాయి. మొలాసిస్ పూసిన చక్కెరనైతే ఆల్కహాల్‌తో కడిగితే లోపలి తెల్ల పలుకు బయటపడుతుంది. పొడి బెల్లంలో అలాంటి పలుకు ఉండదు, కడిగినా రంగు లోపలిదాకా ఉంటుంది. పైగా బూడిద శాతం తేడా చెబుతుంది. భూతద్దం, పోలరిమీటర్, బూడిద పరీక్ష, ఈ మూడూ రేవులోనే జరిగేలా ఒక సూచనా పత్రం ఉంటే చాలు.

దిగుమతుల వైపు చూస్తే గందరగోళం ఇంకా చిక్కన. చక్కెర మీద దిగుమతి సుంకం 2018 ఫిబ్రవరి నుంచి 100 శాతం. అయినా 1701 14 90 కింద భారీ పరిమాణాలు దిగుతాయి. అది మన వంటింటికి వచ్చేది కాదు. కాకినాడ, కాండ్లా రేవుల పక్కనున్న రిఫైనరీలు సుంకం లేకుండా ముడి చక్కెర తెచ్చి, శుద్ధి చేసి, తిప్పి పంపేది. అదే కోడ్‌లో హోటళ్ళకూ బేకరీలకూ వచ్చే డెమెరారా (ముతక పలుకుల గోధుమ రంగు) చక్కెర కూడా ఉంటుంది, ఎందుకంటే అది సెంట్రిఫ్యూజ్‌లో తిప్పినదే, పోలరిమీటర్ రీడింగు 99.5 కంటే తక్కువే. ఓడల కొద్దీ వచ్చే ముడి చక్కెర పక్కన డబ్బాల్లో వచ్చే డెమెరారా సముద్రంలో ఇంగువ. సగటులో దాని వాసన కూడా తగలదు. "ప్రత్యేక చక్కెరల దిగుమతి ధర" అని ఎవరైనా ఆ కోడ్ సగటు చూపిస్తే, వారు చూపిస్తున్నది బ్రెజిల్ ముడి చక్కెర ధర.

2021 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చిన భారత-మారిషస్ ఒప్పందంలో మారిషస్‌కు మనం రాయితీ ఇచ్చిన 615 వస్తువుల్లో ప్రత్యేక చక్కెర కూడా ఉంది. డెమెరారా, మస్కోవాడో మారిషస్‌కు పెట్టింది పేరు. మస్కోవాడో అంటే ఒక రకంగా మన పొడి బెల్లానికి దూరపు చుట్టం. వాటికి ఎంత ధర పెట్టి కొంటున్నామో తెలిస్తే, మన పొడి బెల్లానికి ఎంత ధర అడగవచ్చో తెలుస్తుంది. కాబట్టి దిగుమతుల్లో మూడు గీతలు వేరుగా కావాలి: తిరిగి ఎగుమతి చేసే షరతుతో సుంకం లేకుండా వచ్చినది, ఒప్పందపు రాయితీతో వచ్చినది, పూర్తి సుంకం కట్టి వచ్చినది. బిల్ ఆఫ్ ఎంట్రీలో (కస్టమ్స్‌కు ఇచ్చే దిగుమతి పత్రంలో) ఏ నోటిఫికేషన్ కింద రాయితీ అడిగారో ఉంటుంది కాబట్టి ఈ విభజన మీకు అందుబాటులో ఉన్నదే.

దిగుమతి ధరనూ ఎగుమతి ధరనూ పోల్చేవారికి ఒక హెచ్చరిక వాక్యం కూడా పట్టిక కింద ఉండాలి. ఎగుమతి విలువ ఎఫ్‌ఓబీ, ఓడ ఎక్కేదాకా. దిగుమతి విలువ సీఐఎఫ్, రవాణా, బీమా కలుపుకుని. రవాణా ఎంతో తెలియనప్పుడు కస్టమ్స్ విలువ నిర్ధారణ నియమాలు ఎఫ్‌ఓబీలో 20 శాతం రవాణాగా, 1.125 శాతం బీమాగా కలపమంటాయి. అంటే అచ్చంగా ఒకే సరుకు, ఒకే ధర అయినా, దిగుమతి అంకె 21 శాతం ఎక్కువ కనబడే వీలుంది. ఎగుమతిలోనూ తప్పులున్నాయి. కొనుగోలుదారుతో సీఐఎఫ్ ఒప్పందం చేసుకుని, ఇన్వాయిస్‌లోంచి రవాణా తీసేయకుండా అలాగే నింపితే ఆ ఒక్క బిల్లు సగటును ఎత్తేస్తుంది. నికర బరువు గడిలో అట్టపెట్టెలతో సహా బరువు రాస్తే దించేస్తుంది. చిన్న పొట్లాల సరుకులో పెట్టెల బరువు తక్కువేమీ కాదు. ఇలాంటి బిల్లులు సగటును లాగేస్తాయి, మధ్యస్థాన్ని (ధరలను వరుసగా పేరిస్తే నడిమధ్యన ఉండేదాన్ని) పెద్దగా కదపలేవు. అందుకే సగటుతోపాటు మధ్యస్థ ధర, కింది పావు, పై పావు అంకెలు కూడా ఇమ్మంటున్నాం.

తాటిబెల్లం గురించి రెండు మాటలు. దానికి 1702 90 10 అని, "పామైరా షుగర్" పేరుతో కోడ్ ఉంది. ఈత బెల్లానికి లేదు. కొబ్బరి చక్కెరకు లేదు. ఇవి "ఇతరాలు" అన్న 1702 90 90లో సిరప్‌లతో కలిసిపోతాయి. జీఎస్టీ జాబితా మాత్రం చెరకు బెల్లం, తాటిబెల్లం అని రెండింటినీ ఒకే వరుసలో పేర్కొంటుంది. పన్నుల శాఖకు కుటుంబం తెలిసింది, గణాంకాల శాఖకు తెలియలేదు.

ఇప్పుడు, ఏం చేయవచ్చు. అన్నిటికంటే తేలికది జిల్లా. 2020 ఫిబ్రవరి 15 నుంచి ప్రతి షిప్పింగ్ బిల్లులోనూ సరుకు పుట్టిన రాష్ట్రం, జిల్లా రాయడం తప్పనిసరి. ఎగుమతిదారులు రాస్తూనే ఉన్నారు. ఆ గడిలోని వివరాన్ని 1701 13 10తో కలిపి నెలకోసారి ప్రకటిస్తే అనకాపల్లి సరుకు ధర ఎంత, కొల్హాపూర్ ధర ఎంత, ముజఫర్‌నగర్ ధర ఎంత అన్నది తెలిసిపోతుంది. అనకాపల్లి 2022 ఏప్రిల్ 4న జిల్లా అయింది కాబట్టి అంతకు ముందరి సరుకు విశాఖపట్నం కింద వెతకాలి, ఆ మాట ఒక అడుగు గమనికలో రాస్తే చాలు. ఒక జిల్లా నుంచి ముగ్గురి కంటే తక్కువ ఎగుమతిదారులున్న నెలలో అంకె దాచండి, వ్యాపార రహస్యం బయటపడకుండా.

ఆ గడిలో తప్పులు లేవని అనం. సరుకు గోదాములో ఉన్న జిల్లానో, కంపెనీ ఆఫీసున్న జిల్లానో రాసేవాళ్ళున్నారు. ఆ గడిని ఎవరూ వాడరని తెలిసినప్పుడు ఎవరు జాగ్రత్తగా నింపుతారు? అంకెలు ప్రకటించడం మొదలుపెడితే ఆ తప్పులు కూడా తగ్గుతాయి.

రహస్యం మాట వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. 2022 ఫైనాన్స్ చట్టం ద్వారా కస్టమ్స్ చట్టంలో 135ఏఏ సెక్షన్ చేర్చారు. ఎగుమతి దిగుమతి సరుకుల విలువ, వర్గీకరణ, పరిమాణం వివరాలను చట్టం అనుమతించకుండా ప్రచురిస్తే 6 నెలల దాకా జైలు, లేదా రూ.50,000 దాకా జరిమానా, లేదా రెండూ. బిల్లుల వారీ సమాచారం అమ్ముకునే వ్యాపారానికి అడ్డుకట్ట వేయడం సబబే. దాని ఫలితం మాత్రం ఆలోచించండి. పెద్ద వ్యాపారికి విదేశీ కొనుగోలుదారులతో నేరుగా మాట ఉంటుంది, ధర తెలుస్తుంది. చిన్నవాడికి, రైతు సంఘానికి మిగిలినది మీ పట్టిక ఒక్కటే. తలుపు మూసినవాళ్ళు కిటికీ అయినా సరిగా తెరవాలి.

రెండో పని కోడ్ల చీలిక. దీనికి కస్టమ్స్ టారిఫ్ చట్టం, 1975 మొదటి షెడ్యూలు మార్చాలి, ఫైనాన్స్ బిల్లులో పెట్టాలి. కొత్తేమీ కాదు. 2025 బడ్జెట్‌లో బియ్యానికి 1006 కింద భౌగోళిక గుర్తింపు ఉన్న రకాలను వేరుచేసే కోడ్లు ఇచ్చారు. మఖానాకు (ఒక రకం తామర గింజలకు) 2008 కింద పేలాలు, పిండి, ఇతరాలు అని రూపాన్ని బట్టి కోడ్లు ఇచ్చారు. 2025 మే 1 నుంచి అమలయ్యాయి. మఖానాకు వర్తించిన తర్కం బెల్లానికి ఎందుకు వర్తించదు? 1701 13 10ని దిమ్మ, పొడి లేదా రవ్వ, క్యూబు అని రూపాన్ని బట్టి విడదీయండి. కొల్హాపూర్, మరయూర్, ముజఫర్‌నగర్ బెల్లాలకు భౌగోళిక గుర్తింపు ఇప్పటికే ఉంది, వాటికి బియ్యం పద్ధతి సరిపోతుంది. 1701 14 10ని "69 డిగ్రీల కంటే తక్కువ పోలరిమీటర్ రీడింగు ఉన్న బెల్లం" అని పేరు మార్చండి, రెండు ఇళ్ళ తికమక తీరుతుంది. 1701 13 20 ఖండసారిని సెంట్రిఫ్యూజ్ లేనిదానికి పరిమితం చేస్తున్నట్టు రాయండి, లేదా ఎత్తేయండి.

ఆర్గానిక్‌కు వేరే కోడ్ కావాలని మేం పట్టుబట్టడం లేదు. ఎన్‌పీఓపీ (జాతీయ సేంద్రియ ధ్రువీకరణ కార్యక్రమం) కింద ప్రతి ఎగుమతికీ లావాదేవీ ధ్రువపత్రం ట్రేస్‌నెట్ అనే ఆన్‌లైన్ వ్యవస్థలో పుడుతుంది, దాని మీద బరువు ఉంటుంది. షిప్పింగ్ బిల్లు నంబరుతో జోడిస్తే ఆర్గానిక్ బెల్లం ధర, ఆర్గానిక్ చక్కెర ధర విడిగా వచ్చేస్తాయి. ట్రేస్‌నెట్ అపెడాదే, షిప్పింగ్ బిల్లు వివరాలు మీకు చేరుతూనే ఉన్నాయి. చక్కెరకు 50,000 టన్నుల పరిమితి పెట్టాక ఎవరి వాటా ఎంతో, ఏ ధరకు వెళ్ళిందో బయటివారికి కనబడే దారి ఉండాలి. కింది ధరకు పరిమితినంతా ముందే ఎవరైనా ఆక్రమిస్తే, ఆలస్యంగా ధ్రువీకరణ పొందిన సంఘానికి మిగిలేది ఏముంటుంది?

ఖండసారికి లోపలి లెక్క కూడా ఇప్పుడు దొరుకుతుంది. 2025 మే 1న వచ్చిన చక్కెర నియంత్రణ ఉత్తర్వు రోజుకు 500 టన్నుల కంటే ఎక్కువ చెరకు ఆడే ఖండసారి యూనిట్లను తన పరిధిలోకి తెచ్చింది. 373 యూనిట్లలో 66 మాత్రమే ఆ పరిమాణం దాటినవని ప్రభుత్వమే చెప్పింది. ఆ 66 యూనిట్ల ఉత్పత్తి లెక్క ఆహార శాఖకు వస్తుంది, ఎగుమతి లెక్క మీకు వస్తుంది. ఒకే పేరు రెండు శాఖల్లో రెండు అర్థాలతో ఉండకుండా, "ఖండసారి" నిర్వచనం మీరిద్దరూ కలిసి ఒకటే పెట్టుకోవాలి.

మూడోది మీ సంతకంతో రేపే అయ్యే పని: "జాగరీ అండ్ కన్ఫెక్షనరీ" పద్దును రెండు చేయడం. అపెడా చట్టం మొదటి షెడ్యూలులోనే తేనె, బెల్లం, చక్కెర ఉత్పత్తులు ఒక వరుస, మిఠాయి, బిస్కట్లు, బేకరీ ఇంకో వరుస. 1985లో చట్టం రాసినవారు విడదీసిన రెండింటిని పట్టిక కలిపింది.

ప్రపంచ కోడ్ల తర్వాతి మార్పు 2028 జనవరి 1న అమల్లోకి వస్తుంది. అప్పుడు మన టారిఫ్‌ను ఎలాగూ తిరగరాయాలి. 2012లో జరిగినట్టు పాత వరుస తెగిపోకుండా ఉండాలంటే, కొత్త కోడ్లు అంతకు ముందే కొన్ని నెలలైనా నడిచి ఉండాలి, పాత కోడ్ ఏ కొత్త కోడ్లుగా మారిందో చూపే జోడింపు పట్టిక వాటితోపాటే ప్రకటించాలి. అంటే ప్రతిపాదన 2027 ఫైనాన్స్ బిల్లుకు అందాలి. రూపాల వారీగా తేమ, పోలరిమీటర్ రీడింగు, ఇన్వర్ట్ షుగర్, బూడిద కొలిచిన నివేదికలు, నమూనాలతో సహా, మీరు అడిగిన ల్యాబుకు పంపడానికి సిద్ధంగా ఉన్నాం.

ఇట్లు,
బెల్లం, ఖండసారి, ఆర్గానిక్ చక్కెర ఎగుమతి దిగుమతుల పనిలో ఉన్న కొందరం